రోజుకి రెండుసార్లు చచ్చిన మనిషి

తడి గుడ్డ గట్టిగా పిండి, పాత తెరమీది గుర్రం బొమ్మను ఆర్విల్ స్టాంగెల్ మెల్లగా అద్దుతున్నాడు. రుద్దితే రంగు ఊడొస్తుంది. అతను పనిచేస్తున్న చిన్న మ్యూజియం ఒకప్పుడు రైలు స్టేషన్లో సామాన్లు పెట్టే గది. పోస్టాఫీసు ఉద్యోగం అయిపోయాక ఊరివాళ్ళు దాని తాళంచెవి అతని చేతిలో పెట్టారు. కాల్డర్ సోదరుల వైల్డ్ వెస్ట్ ప్రదర్శన, అంటే కౌబాయ్‌లూ ఆదివాసులూ గుర్రాలమీద ఉత్తుత్తి యుద్ధాలు చేసే ఆట, ఒకప్పుడు ఈ ఓక్లహోమా నుంచే బయల్దేరి దేశమంతా తిరిగి, చివరికి దివాలా తీసింది. వాళ్ళ జీనులు, టోపీలు, గోడపత్రికలు ఎవరి కొట్టంలో ఉన్నాయని తెలిసినా ఆర్విల్ వెళ్ళి బతిమాలి తెచ్చుకునేవాడు. వాటిమీద వ్యాసాలు రాసేవాడు. చదివేవాళ్ళు తక్కువ. కీళ్ళవాతంతో వేళ్ళు వంకర్లుపోయాయి.

"చచ్చిన గుర్రాల మీద ఇంత ప్రేమేంటి?" అని భార్య మెర్నా బతికున్నప్పుడు నవ్వేది. నవ్వుతూనే చిరిగిన తెరలు కుట్టిపెట్టేది.

గుమ్మంలో చేతికర్ర చప్పుడైంది. అమెరికా ఆదివాసుల్లో పోంకా తెగ పెద్దావిడ, ఆగ్నెస్ గ్రేహాక్. ఎన్ని కబుర్లు పంపినా రాని మనిషి ఇన్నాళ్ళకి వచ్చింది.

"ఏమయ్యా, మా నాన్న ఫొటో ఉందన్నావట. ఏదీ?"

"అవునో కాదో మీరే చెప్పాలి, ఆగ్నెసమ్మా."

ఫొటోలో ఒకాయన దుమ్ములో వెల్లకిలా పడున్నాడు. కింద 'చస్తున్న ఇండియన్' అని అచ్చు; ఆదివాసుల్ని తెల్లవాళ్ళు అప్పట్లో అలాగే పిలిచేవాళ్ళు. ఆమె చాలాసేపు చూసింది. భుజాలు కదిలాయి. ఏడుస్తోందనుకుని ఆర్విల్ కంగారుపడ్డాడు. కాదు, నవ్వుతోంది.

"మా నాన్నే! సైలస్. రోజుకి రెండాటలు, రెండుసార్లు చచ్చేవాడు. రెండుసార్లూ లేచెళ్ళి కడుపునిండా తినేవాడు."

"ఆయనకి కోపం రాలేదా?"

"రాకేం? జనం చప్పట్లు కొడుతుంటే చావడం ఎవరికి సరదా? కానీ అప్పట్లో ఇక్కడుంటే మా తెగవాళ్ళకి ఊరు దాటాలన్నా సర్కారు చీటీ కావాలి. అక్కడైతే గుర్రమెక్కి మా పాటలు మేం పాడుకోవచ్చు." ఫొటోని కళ్ళ దగ్గరికి తెచ్చుకుంది. "ఒక్కటే ఓర్చుకోలేకపోయేవాడు. ముందు వరసలో పిల్లలెవరైనా ఏడిస్తే, చచ్చి పడుండి కూడా కన్ను కొట్టేవాడు. మేనేజరు చూశాడా, ఇక తిట్లే!"

ఆర్విల్ చేతిలో గుడ్డ బల్లమీద పెట్టేశాడు.

"నాకూ కన్ను కొట్టాడమ్మా," అన్నాడు. "చిన్నవాణ్ణి. మా నాన్న ఒళ్ళో గుక్కపట్టి ఏడుస్తున్నాను. చచ్చినాయన నావైపు చూసి కన్ను కొట్టాడు. ఎవరికి చెప్పినా నమ్మలేదు. మా మెర్నా కూడా."

"ఆ ఏడుపుగొట్టువి నువ్వేనన్నమాట! దానికోసమా ఈ తుక్కంతా పోగేశావు?"

"దానికోసమే."

ఆమె నవ్వు ఆగింది. అతని వంకర వేళ్ళమీద చెయ్యేసింది. "మా ఇంట్లో ఆయన ఫొటో ఒక్కటీ లేదయ్యా. నువ్వు దాచావు."

ఆర్విల్ ఆ ఫొటోని కాగితంలో చుట్టి ఆమెకే ఇచ్చేశాడు.

ఆ తర్వాత ప్రతి మంగళవారం ఆగ్నెస్ వచ్చేది. మిగతా ఫొటోల్లో మనుషుల్ని గుర్తుపట్టి పేర్లు చెప్పేది. అతను సంబరంగా రాసుకునేవాడు. ఆమె వచ్చేసరికి ఆ వంకర వేళ్ళతోనే, తొక్క తెగకుండా, ఒక నారింజపండు ఒలిచి పెట్టేవాడు. ఆకులు రాలే రోజుల్లో ఒక మంగళవారం ఆమె వచ్చేసరికి, ఆర్విల్ కిటికీ పక్క కుర్చీలో ఎండకి తల వాల్చి ఉన్నాడు. "ఏమయ్యా, పొద్దున్నే కునుకా?" అంటూ చెంప తాకింది. చల్లగా ఉంది.

ఆమె ఎవరినీ కేకేయలేదు. పక్కనే కూర్చుని, తనవాళ్ళు పోయినప్పుడు పాడే పాట సన్నగా, చివరిదాకా పాడింది. తర్వాతే మనుషుల్ని పిలిచింది.

వాళ్ళు అతన్ని తీసుకెళ్ళాక కిటికీ అంచున ఒక నారింజపండు మిగిలింది. సగందాకా ఒలిచి ఉంది, తొక్క ఎక్కడా తెగలేదు.