చప్పిడి కూర

మా ఆయన పోయి ఇన్ని నెలలైనా మా ఇంటి కూరల్లో ఉప్పు పడలేదు.

కిడ్నీలు పాడయ్యాయని డాక్టరు ఆయనకు ఉప్పు మాన్పించినప్పుడు, ఇంటిల్లిపాదికీ ఒకటే వంట అన్నారు అత్తయ్య. ఆయన చప్పిడి తింటుంటే పక్కన కూర్చుని మనం రుచులు ఎలా తింటాం, నిజమే. ఆయన పోయాక కూడా ఆవిడ అలాగే వండుతున్నారు. నేనూ నోరు మూసుకుని తింటున్నాను. ఉప్పడిగితే, మొగుడు పోయి ఏడాది తిరగలేదు, అప్పుడే దీనికి రుచులు కావాల్సొచ్చాయి అనుకుంటారేమోనని భయం. ఆవిడ మనసు విరిగితే నాకింకెవరున్నారు?

అలాగని నేనేమీ మహా త్యాగమూర్తిని కాదు. పనిచేసే లాండ్రీలో ఇస్త్రీ బల్ల కింద ఉప్పు వేరుశనగల పొట్లం దాచుకుని ఎవరూ చూడకుండా నమిలేదాన్ని.

ఒకరోజు కరెంటు పోయి ఇస్త్రీ పెట్టెలన్నీ చల్లబడ్డాయి. యజమాని మధ్యాహ్నమే ఇంటికి పొమ్మన్నాడు. వచ్చి వంటగదిలోకి తొంగిచూస్తే, అత్తయ్య గోడవైపు తిరిగి దోసకాయ ముక్క ఉప్పులో అద్దుకుని తింటున్నారు. నన్ను చూసి తేలు కుట్టిన దొంగలా నిలబడిపోయారు. ముక్క గొంతుకడ్డం పడింది. మంచినీళ్ళిచ్చి వీపు నిమిరాను.

"కూరలో ఉప్పేస్తే, ఈవిడకి అప్పుడే కొడుకు మీద బెంగ తీరిపోయింది అనుకుంటావని..." అన్నారు తల దించుకుని.

"నేనూ అలాంటి భయంతోనే అడగలేదు అత్తయ్యా. షాపులో రోజూ ఉప్పు వేరుశనగలు తింటున్నా."

ఆవిడ నన్ను ఎగాదిగా చూశారు. "అందుకా ఇంట్లో పిచ్చుకలా తింటావు? వాడి దిగులుతో చిక్కిపోతున్నావని నేను ఏడుస్తుంటే."

"దిగులూ ఉంది. కానీ ఆ కూర తినడం నా వల్ల కాలేదు."

"వాడి వల్ల మాత్రం అయిందా? పళ్ళెం ముందు కూర్చుంటే చాలు, రోజూ గొడవే. ఇది కూరా, గోడకేసే సున్నమా అనేవాడు."

ఇద్దరం ఒకరి మొహం ఒకరు చూసుకున్నాం. ఆయన ఛీకొట్టిన కూడునే ఆయన మీద ప్రేమకొద్దీ ఇన్నాళ్ళూ తింటున్నాం. ఇక నవ్వు ఆగలేదు. నవ్వుతూనే ఆవిడ పొయ్యి మీది కూరలో ఉప్పేసి, గరిటెతో కలియబెట్టి, నా అరచేతిలో కాస్త వేశారు.

"సరిపోయిందా?"

"ఇంకాస్త."

ఆ పూట గిన్నె ఊడ్చేశాం. తిన్నాక అత్తయ్య ఆయన విసుర్లు ఒక్కొక్కటే చెప్పుకొచ్చారు, మరిచిపోయినవి నేను అందించాను. ఆయన పోయాక ఆయన మాట మా మధ్యకి రావడం అదే మొదటిసారి. ఎంత హాయిగా అనిపించిందో.