సన్న చిల్లుల వాన

అరచేతి మీద నీళ్లు పడ్డాయి. సన్నగా... చల్లగా... చప్పుడు లేకుండా.

నతానియేలు ఆ నీళ్లను మరిచిపోలేదు.

దొనకొండ రైలు షెడ్డులో ఫిట్టరుకు పానాలు అందించే రోజుల్లో, దొర బంగళాలో షవరు బాగు చేయడానికి పోయాడు. పని అయ్యాక మర తిప్పి చూడాలి కదా — తిప్పాడు. చెయ్యి పెట్టాడు. చెయ్యి మాత్రమే. దాని కింద నిలబడి తడిసే యోగం అతడికెవరిస్తారు?

ఏడేళ్లయింది. షెడ్డులో పని పోయింది. ఊరికి తిరిగి వచ్చి గనిలో పలకరాళ్లు మోస్తున్నాడు. రాళ్లు మోస్తూ మోస్తూ ఒక్కోసారి అరచెయ్యి చూసుకునేవాడు.

ఆ గని రంగయ్యది. ఊళ్లో మిద్దె రంగయ్యది. మార్కాపురం నుంచి పలకల పెట్టెలు మద్రాసుకు పంపే కాంట్రాక్టరు. ఓసారి పెట్టెల వెంట తనూ మద్రాసు పోయి, ఎవరి ఇంట్లోనో షవరు కింద నిలబడి వచ్చాడు. వచ్చిన దగ్గర్నుంచి చెంబుతో పోసుకుంటే ఒళ్లు తడిసినట్టే లేదట!

పెరట్లో నల్లపలకలు పరిచి స్నానాల గది కట్టించాడు. దాని మీదికి ఇనప తొట్టి ఎక్కించాడు. మద్రాసు దుకాణం నుంచి బొమ్మల పుస్తకం తెప్పించాడు.

పుస్తకం ఇంగ్లీషులో ఉంది. ఊళ్లో ఇంగ్లీషు ముక్క వచ్చినవాడు ఒక్కడే... ఊరి బయట, అంటరానివాళ్ల పల్లెలో ఉన్నాడు. మిషను బడిలో చదివిన నతానియేలు.

పిలిపించారు. అరుగు కింద నిలబెట్టారు. పుస్తకం చేతికివ్వలేదు, నేల మీద పెట్టారు. అతడు వంగి తీసుకున్నాడు.

మూడు షవర్ల బొమ్మలు. ఒకటి చిన్నది, మొరటుది, పెద్ద చిల్లులది. ఒకటి మధ్యరకం. మూడోది వెడల్పాటి ఇత్తడి తల — దాని నిండా సూదిమొనంత చిల్లులు, వందల చిల్లులు.

"దొర బంగళాలో ఉండేది ఏదిరా ఇందులో?" అన్నాడు రంగయ్య.

నతానియేలు వేలు మూడో బొమ్మ మీదికి పోయింది.

"ఇదయ్యా. దీని చిల్లులు సన్నం. తుంపర పడినట్టే ఉంటాది. ఇదే తెప్పించండయ్యా."

ఎంత మురిపెంగా చెప్పాడో! తన ఇంట్లో పెట్టించుకుంటున్నట్టే చెప్పాడు పిచ్చివాడు.

నెల తిరక్కుండా పెట్టె రైల్లో వచ్చింది. ఇంట్లో నుంచి నతానియేలు నడవకూడదు గనక పెరటి గోడకు గండి కొట్టించారు. ఆ గండిలో నుంచి దూరి, మూడు రోజులు పని చేశాడు. గొట్టానికి గొట్టం కలిపాడు. అతుకు అతుక్కీ జనుము నార చుట్టి బిగించాడు. చుక్క కారలేదు. తొట్టిలో నీళ్లు మాత్రం అతడు పొయ్యకూడదు, రంగయ్య పాలేరు అంకన్న కావడితో మోసి పోశాడు.

నతానియేలు మర తిప్పాడు. గండిలో నుంచి బయటికి వచ్చేశాడు.

గోడ అవతల నిలబడి విన్నాడు — నల్లపలకల మీద సన్నగా వాన. లోపల రంగయ్య చిన్నపిల్లాడిలా నవ్వుతున్నాడు. బయట నతానియేలూ నవ్వాడు. అతడు నడిచిన చోటల్లా ఎవరో పసుపునీళ్లు చల్లుతున్నారు... అది రోజూ ఉండేదే. అటు చూడలేదు.

ఆ రోజు రంగయ్య అతణ్ణి "ఫిట్టరూ" అని పిలిచాడు.

ఫిట్టరు! తాత పేరు చెప్పి కాదు, పల్లె పేరు చెప్పి కాదు. చేసిన పని పేరుతో. ఆ పిలుపును నతానియేలు ఇంటిదాకా మోసుకుపోయి భార్య విజయమ్మకు చెప్పాడు. ఆమె మూతి తిప్పింది గానీ లోపల సంతోషపడింది.

పదహారు రోజులు.

పదిహేడో రోజు వాన ఆగిపోయింది. తొట్టి నిండా నీళ్లున్నాయి, చుక్క పడదు. నతానియేలు షవరు తల విప్పి చూశాడు. చిల్లు చిల్లునా తెల్లటి పొక్కు.

ఉప్పు.

ఆ నేలలో బావి తవ్వితే ఉప్పునీళ్లే. అన్నం వండిన కుండకు తెల్లటి చార. అక్కడ పుట్టినవాడికి తెలియదా? తెలుసు. పెద్ద చిల్లులదయితే ఆ నీళ్లతోనే ఏళ్లకేళ్లు నడిచేదనీ తెలుసు. ఆ రోజు బొమ్మ చూస్తే చెయ్యికి గుర్తొచ్చింది గానీ, ఈ సంగతి తలకు గుర్తు రాలేదు.

చింతపండుతో తోమాడు. సూదితో పొడిచాడు. మళ్లీ పూడింది. మళ్లీ పొడిచాడు. మళ్లీ పూడింది.

మూడోసారి రంగయ్య నోరు లేచింది.

"ఇంగిలీసు చదివినాడంట! ఫిట్టరంట! రాళ్లు మోసే చేతికి పానా ఏందిరా? పో, పోయి గనిలో దుమ్ము ఎత్తుకో పో!"

పాలేర్లు పక్కున నవ్వారు. నతానియేలుకు ఒళ్లు మండింది. ఆకలిని ఓర్చుకున్నవాడే, పసుపునీళ్లను ఓర్చుకున్నవాడే. ఇది ఓర్చుకోలేకపోయాడు.

"నా పనిలో తప్పు లేదయ్యా," అన్నాడు. "నీళ్లు ఉప్పువి. రైలింజన్లకే ఈ నీళ్లు పొయ్యరు. మంచినీళ్లయితే బ్రహ్మాండంగా పడతాది."

రంగయ్య తొట్టి వైపు చూశాడు.

"మంచినీళ్లా..." అన్నాడు.

పేరు నిలబడింది. నతానియేలు తేలికగా ఇంటికి నడిచాడు.

సగం దారిలో ఆగిపోయాడు.

ఊరివాళ్లు వాగు ఇసుకలో చెలమ తీసి తాగే నీళ్లు తెచ్చుకుంటారు, పల్లెవాళ్లను అటు రానీరు. చెలమ నీళ్లతో తొట్టి నిండదు. చుట్టుపట్ల మంచినీళ్లు పడ్డ బావి ఒక్కటే — పల్లె బావి. తవ్వింది పల్లెవాళ్లు, పునాస పైర్లు ఎండిపోయిన ఏడు. నేల మాత్రం రంగయ్యది.

అంతలోనే నవ్వుకున్నాడు. మా బావినా? రంగయ్యా? మేం కడవలు ముంచే నీళ్లు నెత్తిన పోసుకుంటాడా? చస్తే పోసుకోడు. మైల నీళ్లు!

పుట్టిన నాటి నుంచి తనను కాల్చిన మాట. ఆ రోజు ఆ మాటనే నమ్ముకుని హాయిగా నిద్రపోయాడు.

సోమవారం పొద్దున పంతులు వచ్చాడు.

బావికి మోట కట్టారు. నీళ్లన్నీ తోడారు. తోడి చేలో పారబోశారు — పల్లె తాగే నీళ్లు, పసిపిల్లల నీళ్లు, దుమ్ములో పారాయి. ఊట ఊరాక పసుపు కలిపారు, ఆవు పంచకం చల్లారు. గట్టున కొబ్బరికాయ కొట్టారు. పంతులు మంత్రం చదివాడు.

ఎండ నడినెత్తికి రాకముందే బావి శుద్ధి అయింది. ఎంత సులువు! రెండు తరాల మైల ఒక్క పూటలో పోయింది. మనిషికి పోదు గానీ బావికి పోయింది.

శుద్ధి అయిన బావిని ఇక పల్లెవాళ్లు తాకకూడదు. చుట్టూ ముళ్లకంప వేసి, కర్ర ఇచ్చి అంకన్నను కూర్చోబెట్టారు.

షవరు ఇప్పుడు బ్రహ్మాండంగా పడుతోంది. నతానియేలు చెప్పినట్టే... ప్రతి చిల్లులో నుంచీ.

ఆ మధ్యాహ్నం విజయమ్మ ఖాళీ కడవతో తిరిగి వచ్చింది. మోచేతి మీద కర్ర దెబ్బ. ఉప్పుబావికి పోయి ముంచుకొచ్చింది. నతానియేలు సంగటి ముందు కూర్చున్నాడు. పక్కన మూడేళ్ల కూతురు ఆ నీళ్లు గుక్కెడు తాగి ఉమ్మేసింది.

"శుద్ధి చేసినారంట," అంది విజయమ్మ. "మా మామ గుండెలు పగిలేటట్టు తవ్విన బావి. మేం తాకితే పాడవుతాదంట! ఆ గొట్టంలోకి మంచినీళ్లు పొయ్యమని ఎవడో చెప్పినాడంట. ఎవడో వాడు, వాని నోట్లో మన్ను పడ!"

నతానియేలు నోట్లో ముద్ద పెట్టుకున్నాడు. ఉప్పునీళ్లు తాగి దింపుకున్నాడు.

చెప్పాలనుకున్నాడు. నేనే అని. రెండు అక్షరాలు. ఇంకో గుక్క నీళ్లు తాగాడు.

విజయమ్మ కొంగుతో మొహం తుడుచుకుంది. అతడి ఎదురుగా వచ్చి కూర్చుంది. గొంతు తగ్గించింది.

"నువ్వు పోయి చెప్పయ్యా. పసిబిడ్డలున్నారని చెప్పు. ఒక్క పూట ముంచుకోనీమను. చదువుకున్నోడివి. ఈ పల్లె మొత్తంలో ఆయన ఎవరి మాటన్నా ఇంటే నీ మాటే ఇంటాడు."

అవును. విన్నాడు.

వాకిట్లో ఒక్కరొక్కరే పల్లె ఆడవాళ్లు చేరుతున్నారు. చంకల్లో కడవలు.  అందరూ అతడి వైపే చూస్తున్నారు — ఆశగా.

విజయమ్మ లేచి, గూట్లో నుంచి అతడి ఉతికిన చొక్కా తీసి దులిపింది. చేతికి అందించింది.

"పొద్దు పోతాంది," అంది. "లేవవేంది?"