మునిగుడ సముద్రంలో బోలెడు టైము

మునిగుడ స్టేషన్లో ప్లాట్‌ఫారం చివరిదాకా నడిచి, గూడ్స్ షెడ్డు దాటితే సముద్రం కనిపిస్తుంది. పొద్దున్నే చిన్నమ్మి అక్కడికి ఆవకాయ జాడీ మోసుకెళ్లి, మూతికి గట్టిగా గుడ్డ కట్టి, మోకాల్లోతు నీళ్లలో దింపుతుంది. తిరిగొచ్చి తన పకోడీల బండి దగ్గర పొయ్యి వెలిగించేసరికి ముక్క ఊరిపోయి ఉంటుంది.

ఆ నీళ్లలో పొద్దు పెద్దది, ఒడ్డున చిన్నది. లోతుకి వెళ్లేకొద్దీ ఇంకా పెద్దది. పొద్దున గుడ్డులోంచి వచ్చిన తాబేలు పిల్ల మధ్యాహ్నానికి ముసలమ్మై ఒడ్డెక్కుతుంది. పీతలు మనం చూస్తుండగానే పాత పెంకు విడిచి కొత్తది తొడుక్కుంటాయి. పగడాలు పాలపొంగులా పైకి లేస్తాయి. అందులో కాళ్లు కడుక్కున్నవాళ్లు వెంటనే గోళ్లు తీసుకోవాలి. అందుకే చిన్నమ్మి బండికి ఒక నెయిల్ కట్టర్ దారంతో వేలాడుతూ ఉంటుంది.

సూర్యప్రకాష్ ఆ స్టేషన్లో సిగ్నల్ టెక్నీషియన్. మంచి పనివాడు, కాకపోతే మాట తడబడుతుంది. వినేవాళ్లకి ఓపిక ఉండదు, మిగతాది వాళ్లే పూర్తి చేసేస్తారు. కొట్టుకి వెళ్లి "ఉ... ఉ..." అనగానే కొట్టాయన ఉప్పు కట్టి చేతిలో పెడతాడు. కాదనడం ఇంకా పెద్ద పని. అలా అతని ఇంట్లో ఉల్లిపాయలు లేవు గానీ ఉప్పు మాత్రం బస్తాడు ఉంది.

టిక్కెట్ల కిటికీలో హరిప్రియ కూర్చునేది. గునుపూర్ పక్క పల్లెటూరి రైతు బిడ్డ. ఒకరోజు సూర్యప్రకాష్ ఆమె కిటికీ ముందు నిలబడి, "నే... నేను... మీ... మీ..." అన్నాడు. వెనక లైనులో జనం అరుస్తున్నారు. "మీటింగుకి వెళ్తున్నారా? వెళ్లిరండి" అనేసింది హరిప్రియ. అతను తలూపి వెళ్లిపోయాడు. ఆ తలూపడం చూశాక ఆమెకి ఆ రోజంతా లెక్క కుదరలేదు.

మళ్లీ అతను అడుగుతాడేమో అని చూసింది. వానలు వచ్చి వెళ్లాయి. అడగలేదు. ఆమె పార్వతీపురానికి ట్రాన్స్‌ఫర్ పెట్టుకుంటే అది వచ్చేసింది.

ఆమె వెళ్లే రోజు సూర్యప్రకాష్ పొద్దున్నే నున్నగా గడ్డం గీసుకుని ప్లాట్‌ఫారం మీదికొచ్చాడు. హరిప్రియ జడలో అప్పుడే కోసిన మల్లెలు, చేతిలో పెట్టె. దూరాన పాసింజరు కూత వినిపించింది.

"హ... హ..." అన్నాడు.

"ఏటండీ, సెప్పండి. బండి వచ్చేస్తోంది" అంది హరిప్రియ. అనగానే నాలుక కరుచుకుంది.

బాణలిలో పకోడీలు వేస్తున్న చిన్నమ్మి ఇద్దర్నీ చూసింది. "సముద్రం పక్కనెట్టుకుని టైం లేదంటారేటి? ఆ పెట్టె నాకాడ వదిలేసి దిగండి" అని కసిరింది.

దిగారు. ఛాతీ లోతు దాకా వెళ్లి ఎదురెదురుగా నిలబడ్డారు. రైలు కూత ఆ నీళ్ల దాకా వచ్చి, సాగి సాగి, ఎక్కడో ఆగిపోయింది.

"హ... హ..." దగ్గర ఉండగానే వాళ్ల చుట్టూ వెండి చేపలు గుడ్లు పెట్టాయి. "రిప్రియగారూ" అనేసరికి ఆ పిల్లలు ఈదుతున్నాయి. హరిప్రియ ఒక్క అక్షరం కూడా అందించలేదు. రెండుసార్లు నోటిదాకా వస్తే పెదవి కొరుక్కుంది. ఆకలేసినప్పుడు ఇద్దరూ నాచు నమిలారు.

"నాకు పా... పాసు ఉంది. అయినా ట... టిక్కెట్లు కొనేవాణ్ని. మీ కి... కిటికీ దగ్గర నిలబడ్డానికి" అన్నాడు సూర్యప్రకాష్. పుట్టాక ఎవరూ ఆపకుండా అతను పూర్తి చేసిన అతి పెద్ద మాట అదే. అది అయ్యాక తక్కినవి కూడా వచ్చాయి. వాళ్లమ్మ గురించి చెప్పాడు. సిగ్నల్ స్తంభం ఎక్కితే కనిపించే కొండల గురించి చెప్పాడు. చివరికి అడగాల్సింది అడిగాడు.

"ఇదేనా! దీనికోసమేనండీ నేను కూసున్నాను ఇన్నాళ్లూ" అని హరిప్రియ నవ్వింది. ఇక ఆమె వంతు. ఆమెకీ బోలెడు మాటలున్నాయి. ఆ చేపల మునిమనవలు వచ్చి వాళ్ల మోచేతులు పొడిచాయి.

గట్టెక్కేసరికి చిన్నమ్మి పకోడీలు ఇంకా ఒక పక్కే వేగాయి. సూర్యప్రకాష్‌కి ఒత్తుగా గడ్డం పెరిగింది, ఆమె మల్లెలు ఎండిపోయాయి. పాసింజరు అప్పుడే ఆగుతోంది. చిన్నమ్మి మారుమాట లేకుండా నెయిల్ కట్టర్ అందించింది.

హరిప్రియ తడి చీరతోనే రైలెక్కి కిటికీలోంచి వంగింది. "ఆదివారం మా ఊరు రండి. మా అయ్యతో మీరే సెప్పాలి."

ఆదివారం వెళ్లాడు. ఆమె తండ్రి అసిరయ్య పార భుజాన వేసుకుని చేలో నీళ్లు కట్టడానికి బయల్దేరుతున్నాడు. ఆ ఊరికి సముద్రం లేదు. మామూలు పొద్దే.

"మీ... మీ అ... అ..." అన్నాడు సూర్యప్రకాష్.

"అడ్రసా బాబూ?"

"అయ్యా, నువ్వాగు" అంది హరిప్రియ వీధరుగు మీంచి.

అసిరయ్య కూతురి ముఖం చూశాడు. పార గోడకి చేర్చి మంచమ్మీద కూర్చున్నాడు. పక్క చేను రైతు పిలిస్తే చెయ్యి ఊపి పంపేశాడు. నీడ వాకిలి దాటింది, మేకలు ఇళ్లకొచ్చాయి. మాట మొత్తం అయ్యేదాకా అసిరయ్య కదల్లేదు. అయ్యాక కాసేపు మీసం నిమురుకున్నాడు.

"ఓలమ్మీ, ఇతనికీ బువ్వ ఒడ్డించు" అని కూతురికి కేకేసి, మంచమ్మీద కాస్త పక్కకి జరిగాడు. "కూసో బాబూ. ఇప్పుడు నాను సెప్తాను, నువ్విను."