ఎవరి కుడి

పుణె ప్రాజెక్టుకు వెళ్తానో లేదో మూడింటికల్లా మేనేజరుకు చెప్పాలి. వారం రోజులుగా నా మనసు ఇద్దరు వకీళ్లను పెట్టుకుని వాదిస్తోంది. ఇద్దరికీ నా గొంతే. భోజనాల వేళ ఆ గోల నా నోట విని, పక్క సీటు సాయిచంద్ లేచాడు.

"అమ్మనే అడుగుదాం నడువ్, హరితా."

ఆఫీసు వెనక, కట్టడం ఆగిపోయిన భవనం రేకుల కంచె లోపల పాత మైసమ్మ గుడి ఉంది. దీపం పెట్టేవాళ్లు లేరు. కంచె సందులోంచి దూరుతుంటే మెడలోని ఐడీ కార్డు రేకుకు తగులుకుని వెనక్కి లాగింది.

"ఆఫీసు ఇడుస్తలేదు నిన్ను," అన్నాడు.

లోపల గూట్లో ఒక్క రాయి. దొంగతనంగా వచ్చి కూడా ఇద్దరం చెప్పులు విప్పాం. కంచె పక్కనున్న గన్నేరు పువ్వు కోసి రాయి నెత్తిన పెట్టాను. కుడివైపు పడితే పుణె, ఎడమవైపు పడితే ఇక్కడే.

పక్క సైటులో లారీ కదిలి నేల అదిరింది. పువ్వు నా ఎడమకు జారింది.

"ఖతం. ఈడనే ఉంటవ్," అన్నాడు సాయిచంద్, కాస్త తొందరగా.

"కాదబ్బా. చూడాల్సింది అమ్మ కుడి. ఎదురుగా ఉంది కదా, నా ఎడమ ఆమెకు కుడి."

"అడిగినోళ్ల కుడే లెక్క."

"మా ప్రొద్దుటూరులో దేవుడి కుడే."

"గిది ప్రొద్దుటూరు కాదే."

"అయితే? ఇక్కడ అమ్మకు చేతులు తారుమారుగా ఉంటాయా?"

నా గొంతు పెరగడం నాకే వినిపించింది. బయటికీ వినిపించినట్టుంది. కర్ర పట్టుకుని వాచ్‌మన్ వచ్చాడు.

"ఏంది బిడ్డా పంచాయితీ?"

"పువ్వు అడిగినం కాకా," అన్నాడు సాయిచంద్.

"ఎవర్ని? అమ్మను రోడ్డు మీది కొత్త గుడికి తీస్కపోయి ఆరేండ్లయె. గిది ఉత్త రాయి. కుక్కలు పండకుండ నేనే పెట్టిన."

సాయిచంద్ మొహం వెలిగింది. "అయితే గిది చెల్లదు. ఇగ కొత్త గుడిల మళ్ల అడుగుదాం."

"వద్దు," అన్నాను.

ఉత్త రాయికి కుడి ఉండదు. మరి ఇంతసేపూ ఎవరి కోరిక కోసం కొట్లాడానో నాకు తెలిసిపోయింది. ఫోను తీసి మేనేజరుకు 'వెళ్తాను' అని పంపాను.

సాయిచంద్ వంగి పువ్వు తీసి, ఊది, మళ్లీ రాయి మీద పెట్టాడు.

"నువ్వేం అడుగుతున్నావ్?"

"పుణెల ఇంకో సీటు ఖాళీ ఉందా అని."

"ఎవరి కుడి?"

"ఎటు పడ్డా నడుస్తది."