అంగుళం మాస్టారి దుప్పటి

వీధిలో అందరూ ఆయన్ని అంగుళం మాస్టారు అంటారు. ముప్ఫై ఏళ్లుగా చొక్కాలూ ప్యాంట్లూ కుడుతున్న ఆ టైలరు, ఎవరి కొలత తీసినా పక్కకో అంగుళం లూజు కలపనిదే కత్తెర పట్టడు. పని నేర్పిన గురువు మొదటిరోజే నెత్తిన మొట్టి మరీ చెప్పాడట, "గుడ్డలో మనిషికి ఊపిరాడాలిరా!" అని. ఆ మొట్టికాయ ఇప్పటికీ పనిచేస్తూనే ఉంది. ఆయన కుట్టిన చొక్కా చిరిగితే చిరుగుతుంది గానీ బిగుసుకోదు.

అలాంటి మనిషికి ఇంట్లోనే పరీక్ష వచ్చిపడింది. భార్యకు వెన్నెముక ఆపరేషనై మూడు వారాలు. ఇంకో నెల మంచం దిగకూడదు. ఒళ్లు ఒరుసుకుపోకుండా డాక్టరుగారు పాత పరుపు మీద మూడంగుళాల మెత్తటి పరుపు ఇంకోటి వేయించారు. దాంతో ఇంట్లో దుప్పట్లన్నీ పొట్టివైపోయాయి. ఇటు దోపితే అటు ఊడొస్తున్నాయి.

సోమవారం నర్సు వచ్చి ఆవిణ్ణి పక్కకి తిప్పి చూసింది. నడుం కింద అరచేతి మేర ఎర్రగా కందిపోయి ఉంది.

"ఇదంతా దుప్పటి ముడతల పనే బాబాయ్. చర్మం ఇంకా చిట్లలేదు, నయం. వచ్చే సోమవారం మళ్లీ వస్తాను. అప్పటికీ ఇలాగే ఉంటే పిన్నిని హాస్పిటల్లో చేర్చాల్సిందే. పుండు పడిందంటే నెలల తరబడి మానదు," అంది. "పరుపు సైజుకి సరిగ్గా సరిపోయే దుప్పట్లు బజార్లో దొరుకుతాయి. ఒకటి కొనెయ్యండి."

కొనడమా! మాస్టారికి తల కొట్టేసినట్టయింది. ఊరందరికీ కుట్టినవాడు కట్టుకున్నదానికి ఒక దుప్పటి కుట్టలేడా? హాస్పిటల్ పేరెత్తితే భార్య ఎంత హడలిపోతుందో ఆయనకి తెలుసు. ఇంటికి తీసుకొచ్చిన రోజు గుమ్మం చూసి ఏడ్చేసింది. ఆవిణ్ణి మళ్లీ అక్కడికి పంపడమన్న మాటే లేదు.

ఆ మధ్యాహ్నమే టేపు తీశాడు. మెత్తటి తెల్ల నూలు గుడ్డ తెచ్చి, మూలలు కుట్టి, అంచు చుట్టూ ఎలాస్టిక్ ఎక్కించి, సాయంత్రానికల్లా దుప్పటి తయారుచేశాడు. నర్సు నేర్పినట్టే భార్యను మెల్లగా ఒక పక్కకీ, తర్వాత రెండో పక్కకీ ఒత్తిగిలించి పరిచాడు.

"ఎలా ఉందే?"

"బ్రహ్మాండంగా ఉందండీ," అందావిడ.

మంగళవారం తిప్పి చూస్తే నడుం కింద మూడు ముడతలు. ఎలాస్టిక్ బిగించాడు. బుధవారం నాలుగయ్యాయి. దాన్ని అవతల పడేసి ఇంకోటి కుట్టాడు. అదీ అంతే. "నాకేం తెలియట్లేదండీ, హాయిగానే ఉంది," అని ఆవిడ అంటూనే ఉంది. ఎరుపు పెరగలేదు గానీ తగ్గనూ లేదు.

గురువారం మాస్టారు పౌరుషం మడిచి మూల పడేసి, మెడలో టేపు జేబులో కుక్కుకుని, పక్క వీధిలో ఉన్న దుప్పట్ల దుకాణానికి వెళ్లాడు.

"పొడవు డెబ్భై నాలుగు అంగుళాలు, వెడల్పు యాభై, మందం తొమ్మిది," అని గడగడా అప్పజెప్పాడు.

దుకాణం ఆవిడ కళ్లజోడు పైనుంచి చూసింది. "డెబ్భై నాలుగా? ఇరవయ్యేళ్లుగా ఇక్కడ కూర్చుంటున్నాను అన్నయ్యగారూ. డెబ్భై రెండు పరుపు తెలుసు, డెబ్భై అయిదు తెలుసు, డెబ్భై ఎనిమిది తెలుసు. ఈ డెబ్భై నాలుగు ఎక్కణ్ణుంచి ఊడిపడింది?"

"అంటే... పరుపు డెబ్భై రెండేనమ్మా. అటో అంగుళం ఇటో అంగుళం లూజు కలిపాను. మందం ఎనిమిదైతే దానికీ ఓ అంగుళం వేశాను."

"ఎందుకూ?"

"ఊపిరాడాలి కదా," అనేసి నాలిక్కరుచుకున్నాడు.

ఆవిడ పగలబడి నవ్వింది. "మీరు అంగుళం మాస్టారు కదూ! మా ఆయన చొక్కాలన్నీ మీరు కుట్టినవే. మనిషైతే భోంచేస్తాడు, వంగుతాడు, లేస్తాడు. పరుపు భోంచెయ్యదు కదా మాస్టారూ! ఇంతకీ ఎవరికి?"

చెప్పాడు. ఆవిడ నవ్వు ఆగిపోయింది. లేచి వెళ్లి, నాలుగు పెట్టెలు దించి, ఒక్కొక్కటీ విప్పి చేత్తో తడిమి చూసి, ఒకటి ఆయన ముందు పెట్టింది.

"పొడవూ వెడల్పూ ఉన్నదున్నట్టుండాలి. ఏమాత్రం ఎక్కువైనా అది ముడతై కూర్చుంటుంది. మందం దగ్గర మాత్రం మీ అలవాటే కరెక్టు. ఎనిమిదంగుళాల పరుపుకి పదంగుళాల లోతున్నది తీసుకోవాలి. ఆ రెండంగుళాలూ అడుక్కి మడుచుకుని పట్టుకుంటాయి. మిగులు పరుపు కింద ఉండాలి, మనిషి కింద కాదు. ఇది ముందే ఉతికి కుట్టిన గుడ్డ, కుంచించుకుపోదు. ముడత పడిందా, ఎప్పుడైనా సరే తెచ్చెయ్యండి, మారుస్తాను."

"మీ మేలు మర్చిపోనమ్మా," అన్నాడు మాస్టారు. ఊరికే అన్న మాట కాదది. దారి పొడుగునా ఆవిడకి మనసులో దణ్ణాలు పెట్టుకుంటూనే వచ్చాడు.

ఇంటికొచ్చి దుప్పటి మార్చాడు. నాలుగు మూలలూ పరుపుని కరుచుకుని కూర్చున్నాయి. అరచెయ్యి పెట్టి రాస్తే ఎక్కడా ఏమీ తగల్లేదు. భార్యని వెల్లకిలా పడుకోబెట్టాడు. పడుకోగానే ఆవిడ కుడిచెయ్యి పరుపు అంచుకి వెళ్లి తడుముకోసాగింది.

"ఏం వెతుకుతున్నావే?"

"పట్టు దొరకట్లేదండీ," అందావిడ. "ఇక పట్టుకోనక్కర్లేదా?"

మాస్టారికి ముందు అర్థం కాలేదు. ఆ చెయ్యి అందుకుని వేళ్లు విప్పి చూశాడు. అరచేతిలో గోళ్లు దిగిన గాట్లు, నాలుగూ వరసగా. రెండో చెయ్యి కూడా అంతే. ఆయన మిషన్ దగ్గరున్నంతసేపూ, ముడత నడుం కిందకి రాకుండా ఆ వదులు దుప్పటిని రెండు వైపులా పిడికిళ్లతో బిగబట్టి పడుకుంది. ఆయన తిప్పి చూసేటప్పుడు మాత్రమే వదిలేది.

"చెప్పొచ్చు కదే!"

"అంత ఇష్టంగా కుట్టుకొచ్చారు. బాలేదని ఏ నోటితో చెప్పను?"

మాస్టారు మంచం పక్కన కూలబడ్డాడు. తల ఎక్కడ పెట్టుకోవాలో తెలియలేదు. సిగ్గేసింది. అంతకు పదింతలు ఆవిడ మీద ప్రేమ పొంగుకొచ్చింది. కళ్లలో నీళ్లు తిరిగాయి. కొబ్బరినూనె తెచ్చి ఆ గాట్లకి రాస్తూ అలాగే కూర్చున్నాడు.

సోమవారం నర్సు వచ్చి చూసింది. ఎరుపు పోయి మామూలు రంగు తేలింది.

"హాస్పిటలూ వద్దు, ఏమీ వద్దు. ఇక్కడే ఉండండి పిన్నీ," అని మాస్టారి వైపు తిరిగింది. "మంచి దుప్పటి తెచ్చారు బాబాయ్. కానీ ఇది గురువారం వేశానంటున్నారు. మరి ముందు మూడు రోజులూ చర్మం చిట్లకుండా ఎలా ఆగిందో నాకు అంతుపట్టడం లేదు. ఏం చేశారు?"

"నేనేం చెయ్యలేదమ్మా," అన్నాడు మాస్టారు. "ఆ మూడు రోజులూ నా పనితనాన్ని మా ఆవిడే బిగబట్టి కాపాడింది."