అలావ గుంత

పేరు మార్చాలన్న వాదన పొద్దుటినుంచి తెగడం లేదు. పీరమ్మా అని పిలిస్తే బజారంతా తిరిగి చూస్తోందనీ, రోజులు బాగాలేవనీ, గంగమ్మ అనుకుంటే పోయేదేముందనీ వదిన భాగ్యవతి అంటోంది. అన్న దేవిదాస్ ఆమె వైపే. ముప్పై ఏళ్ల పేరుకు ఇప్పుడు పంచాయితీ ఏందని గొణుక్కుంటూ పీరమ్మ జొన్నపిండి పిసికింది. తండ్రి ముత్తెన్న కూతుర్ని పేరుపెట్టి పిలిచి రెండు నెలలైంది.

వరసగా పిల్లలు పోతుంటే పీర్లకు మొక్కుకుని కన్న బిడ్డ ఆమె. మెడలో తాడు కట్టి ఆ పేరు పెట్టింది పీర్ల కొట్టం చూసుకునే మహబూబ్. అప్పటినుంచి పీర్ల పండక్కి నిప్పులు పోసే అలావ గుంతను ఏటా ముత్తెన్నే తవ్వేవాడు.

పోయిన ఏడు రజాకార్లు వాళ్ల గడ్డివాము తగలబెట్టి, దేవిదాస్ చెయ్యి విరగ్గొట్టారు. ఈ ఏడు యూనియన్ పటాలం రాగానే ముత్తెన్న గొడ్డలి పట్టుకుని నలుగురితో కలిసి పోయాడు. రజాకార్లు దొరకలేదు. జొన్నచేలో దాక్కున్న మహబూబ్ దొరికాడు. తండ్రి ధోవతి మీది నెత్తురు పీరమ్మే ఉతికింది.

మర్నాటి సాయంత్రం వరికోతల నుంచి వస్తుంటే పీర్ల కొట్టం తలుపు తీసి ఉంది. మహబూబ్ భార్య హుస్సేన్‌బీ చుట్టాల ఊరినుంచి తిరిగొచ్చి, ఒక్కతే అరుగు అలుకుతోంది. పీరమ్మ గోడవారగా దాటబోయింది.

“దొంగకోడి లెక్క జారుకుంటున్నవేందే?” అదే పాత ఎకసెక్కం. తరవాత గొంతు తగ్గింది. “మీ బాపును రేపు రమ్మను బిడ్డా. గుంత తవ్వాలె. ఇగ నాకు అన్నంటే ఆయనే.”

మొగుణ్ణి చంపిందెవరో ఆమెకు తెలియదు. పీరమ్మ తల ఊపి వచ్చేసింది.

అన్నాల దగ్గర ఆ మాట చెప్పింది. జ్వరమని చెప్పమంది వదిన. నాలుగు రోజులు ఊరుకుంటే ఆమే పోతుందన్నాడు అన్న. ముత్తెన్న రొట్టె తుంచుతున్నాడు. ఎముకలు తేలిన ఆ భుజాలను పీరమ్మ చూసింది. చిన్నప్పుడు తనకు అమ్మవారు పోస్తే బోధన్ దవాఖాన దాకా మోసిన భుజాలు.

“గుంత నేను తవ్వుత,” అంది.

ఆడవాళ్లు తవ్వరని వదిన అనబోయింది.

“ఎవరు చంపిండ్రో గూడ హుస్సేన్‌బీకి నేనే చెప్త. నిన్ను ఏ జైల్ల ఏసినా అన్నం నేనే తెస్త, బాపూ.”

ముత్తెన్న లేచి బయటికి పోయాడు. పళ్లెంలో, సగం తుంచిన రొట్టె మీద పప్పు ఆరిపోతోంది.