మేకు దిగని నేల

ఊరందరూ చుట్టాలే, ఉట్టి కట్ట తావే లేదు, పెద్దలు ఊరికే అన్నారా ఈ మాట, ఉట్టి దాకా ఎందుకు, రెండు రోజులకు ఒక డేరా వేసుకునేంత నేల, అంతకుమించి తనేమడిగాడని, కాళ్లీడ్చుకుంటూ అనుకున్నాడు ముత్తయ్య, తెల్లవారినప్పటినుంచీ తన ఊరు కిష్టారం చుట్టుపక్కల నాలుగు పల్లెలు తిరిగాడు, పిల్ల పెళ్లి, చోటు కావాలె, కిరాయి ఇస్త అన్నాడు, ఒక్కడూ లేదనలేదు, ఒక్కడూ సరే అనలేదు, చూద్దం అన్నారు, పెద్దలను అడగాలె అన్నారు, మంచినీళ్లిచ్చి సాగనంపారు, మంచినీళ్లట, బస్తరు రాజ్యం తాసీలు కచేరీలో ఇరవై రెండేళ్లు చపరాసీగా చేసినవాడికి, ఆ రోజుల్లో తను పొలిమేరలో కనబడితే చాలు మంచం వాలేది, కాళ్లు కడుక్కునేలోపు కోడి కూరయ్యేది, ఏరు దాటేదాకా ఓడ మల్లయ్య, దాటాక బోడి మల్లయ్య, పని నుంచి దిగి రెండేళ్లు కాలేదు, అప్పుడే బోడి మల్లయ్య అయిపోయాడు తను.

ఎండ నెత్తికెక్కుతోంది, ఊరి బయట రెండు బండ్లు ఎడ్లు విప్పుకుని నిలబడి ఉన్నాయి, భద్రాచలం షావుకారు దగ్గర కిరాయికి మాట్లాడిన డేరా వాటిలోనే ఉంది, ఎల్లుండి ముహూర్తం, అసలు ఈ డేరా పిచ్చి ఎవరు తెచ్చారు, తన నోరే, ఏటి అవతలి వియ్యంకుడు ముసలయ్య, మావాళ్లు రెండువందల మంది బావా, మీ వాకిట్ల పడతరా అని ఓ నవ్వు నవ్వాడు, పట్టకపోతే డేరా వేయిస్త బావా, దొరలు కూచునే డేరా అని తను మీసం దువ్వాడు, ఇవ్వాళ బండ్లతోపాటే కబురూ వచ్చింది, రేపు పొద్దుగూకేసరికి డేరా లేవకపోతే పిల్లను ఏరు దాటించి తీసుకురా, తాళి మా ఇంటి ముందే కడ్తం అని, అంటే తన గడప ముందు పెళ్లి లేదు, గొడ్డును తోలినట్టు పిల్లను తోలుకుపోయి అప్పజెప్పి రావాలి, తన పొలంలోనే వేద్దామంటే అదంతా వాగువార జానెడు జానెడు మళ్లు, అడుగుకో గట్టు, సోమక్క పొద్దున బయల్దేరేటప్పుడే అనేసింది, నోరు మంచిదైతే ఊరు మంచిదైతది, నీ నోట్ల హుకుం తప్ప ఇంకో మాట ఎన్నడన్న పుట్టిందా అని, కట్టుకున్న పెళ్లామే ఇట్లా అంటే ఊళ్లోవాళ్లనేం అనాలి.

హుకుం కాకపోతే ఏంది మరి, చోటు చూపడమే కదా తన కొలువు, చలికాలం దొరలు ఊళ్ల తనిఖీకి, దౌరాకి వస్తున్నారంటే ముందురోజే వచ్చి చేతికర్ర ఎత్తి చూపించేవాడు, ఇక్కడ, అంతే, సాయంత్రానికి వెట్టివాళ్లు చదును చేసేవాళ్లు, ఎవరిదని అడిగే పనేముంది, ఇప్పుడూ అదే కర్ర చేతిలో ఉంది, ఇందాక పక్క పల్లెలో లక్మా వాళ్ల ఇప్పచెట్ల కింద నేల చూశాడు, ఎంత నేల, గడ్డిపోచ లేకుండా ఊడ్చి పెట్టారు, ఊరికే పడుంది కదరా, కిరాయి తీసుకుని ఇస్తే ఏం పోయింది అన్నాడు తను, లక్మా వంగి, చపరాసీ కాలు తియ్యి అన్నాడు, చూస్తే మడమ కింద ఇప్పపువ్వు నలిగి ఉంది, దాన్ని ఏరి బుట్టలో వేసుకుని, పువ్వు రాలే ఈ నెల ఇదే మా గాదె, గాదెల డేరా వేస్తరా ఎవరన్న అన్నాడు, ఇరవై రెండేళ్లు ఈ అడవిలో తిరిగి ఇప్పచెట్టు కింద ఎందుకు ఊడుస్తారో తెలుసుకోని మొహం తనది, సిగ్గేసింది, సిగ్గు వెనకే కోపమొచ్చింది, ఎవరి మీదో మాత్రం తేలలేదు.

అప్పుడు గుర్తొచ్చింది బండిబాట పక్క చేను, ఇంత సేపూ అది గుర్తు రాలేదా, రానివ్వలేదా, పొజ్జా చేను, పొజ్జా పోయి మూడేళ్లు, తను పోయేసరికి వాడి పెళ్లాం నందే వాకిట్లో ఇప్పపువ్వు ఆరబోస్తోంది, తలెత్తింది గానీ లేవలేదు, నందే, బాట పక్క మీ చేను ఖాళీగనే ఉంది గద, రెండు రోజులకు కిరాయి ఎంతో నువ్వే చెప్పు, అన్నాడు ముత్తయ్య, ఏ చేను చపరాసీ, మీరు డేరా గడ్డ అంటరు చూడు అదేనా, అంది నందే, డేరా గడ్డ, ఆ పేరు పెట్టింది తనే, మొదటి ఏడు జొన్న పాలు పోసుకుని ఉంది, తను కర్ర ఎత్తి చూపాడు, పది దినాలు బాబూ, గింజ గట్టిపడనీ అని పొజ్జా కాళ్ల మీద పడ్డాడు, దొర పది దినాలు ఆగుతడారా నీ కోసం అన్నాడు తను, ఆ మాట అంటూ నవ్వాడు కూడా, పచ్చి జొన్న పొజ్జానే కోసి దొర గుర్రాలకు వేశాడు, వాడి చేలో వాడే మేకులు కొట్టాడు, మరుసటి ఏడూ అక్కడే, చదునయ్యే ఉంది కద అని, అట్లా ఎనిమిది చలికాలాలు, గుర్రాలు తొక్కాయి, బండ్లు తొక్కాయి, నందే చేతులు దులుపుకుని అడిగింది, కిరాయి కిరాయి అంటున్నవ్ గానీ, ఇయ్యమని అడగవేంది, అడగడమా, అదెంత పని, నందే, నా పిల్ల పెళ్లి అన్నాడు, ఆ తర్వాతి మాట అనకుండా కర్ర చెయ్యి మార్చుకున్నాడు, ఇయ్యి తల్లీ అంటే చాలు, రెండు ముక్కలు, నందే మళ్లీ పువ్వు మీదికి వంగి, వేసుకో, ఎవరు వద్దన్నరు, జొన్న మొలవని నేలకు కిరాయి ఏంది అంది.

దొరికింది, దొరికింది, పరుగులాంటి నడకతో పోయి బండ్లు తోలించుకొచ్చాడు, పిల్ల పెళ్లి తన ఊళ్లోనే, ముసలయ్య నవ్వు ముసలయ్య దగ్గరే ఉంచుకోనీ, బండివాడు మొదటి మేకు పెట్టి సమ్మెట ఎత్తి కొట్టాడు, మేకు ఎగిరి పక్కన పడింది, మళ్లీ పెట్టాడు, మళ్లీ పడింది, ఇది నేలా బండా అన్నాడు, రాత్రంతా నీళ్లు పోసి నానబెడితే గానీ దిగదు, పది మందిని పిలువు, కుండలు పట్టుకుని రమ్మను అన్నాడు, ముత్తయ్య అలవాటుగా పల్లె వైపు కర్ర ఎత్తాడు, ఎత్తిన చేయి అలాగే ఆగిపోయింది, రమ్మంటే ఎవరొస్తారు, ఆ కోడిని తను అడిగాడా, వాళ్లిచ్చారా, ఆ మంచం, పాలు పోసుకున్న ఆ జొన్న, తను కనబడగానే చేతిలోది వదిలి పక్కకు జరిగారు, అంతే, దాన్ని ఇన్నాళ్లూ చుట్టరికం అనుకున్నాడు, ఇరవై రెండేళ్లలో ఈ ఊళ్లు తనకు ఏదీ ఇవ్వలేదు, ఇవ్వాళ నందే కూడా ఇవ్వలేదు, వదిలేసింది.